దురోసిన్మి: పేరు కాదు, బతిమాలుకోవడం

ప్రశ్న: మా ఆఫీసులో కొత్తగా చేరిన నైజీరియా ఆయన ఇంటిపేరు దురోసిన్మి. అక్కడి యొరుబా జాతివాళ్ల పేరట. అర్థం అడిగితే "అది మా తాత పేరు, పెద్ద కథ" అని నవ్వి ఊరుకున్నాడు. ఎవరికైనా తెలిస్తే చెప్పగలరా?

జవాబు: నిజంగానే పెద్ద కథండీ. ముందు మాట విడగొడదాం. దురో అంటే ఆగు, ఉండు. సిన్ అంటే పూడ్చిపెట్టు. మి అంటే నన్ను. "నన్ను పూడ్చిపెట్టేదాకా ఉండు" అని అర్థం. ఉయ్యాల్లో బిడ్డకు "నాకు తలకొరివి పెట్టు నాయనా" అనే మాటనే పేరుగా పెట్టేశారన్నమాట.

పలకడంలో రెండు చిక్కులు. ఆ "న్" నిజానికి హల్లు కాదు, ముందున్న ఇకారాన్ని ముక్కుతో పలకమనే గుర్తు. మన పాత పుస్తకాల అరసున్న లాంటిది. దురోసిఁమి అని రాస్తే ఇంకా దగ్గరగా ఉంటుంది. రెండోది, యొరుబాలో అచ్చులకు పై, మధ్య, కింది అని మూడు స్థాయిలు. "సిన్" మధ్యస్థాయిలో పలికితే పూడ్చిపెట్టడం, కిందికి దించితే కొలవడం (పూజించడం), పైకెత్తితే తుమ్మడం. పాస్‌పోర్టులో ఈ స్థాయిల గుర్తులేవీ ఉండవు కాబట్టి బయటివాళ్లకు అర్థం ఊహించడం కష్టం.

ఇక ఇలాంటి పేరు ఎందుకంటే, వాళ్ల సామెత ఒకటుంది: "ఎని ఒమొ సిన్ లో బిమొ". ఎవరిని బిడ్డ సాగనంపుతుందో వాళ్లే బిడ్డను కన్నట్టు. కన్నంత మాత్రాన అయిపోలేదు, ఆ బిడ్డ మనకంటే వెనక పోవాలి. మన ఊళ్లలో ముసలివాళ్లు "పిల్లల చేతుల మీదుగా పోతే చాలు" అంటారే, అదే ఆశ. వరస తప్పి బిడ్డలే ముందు పోతున్న ఇంట్లో పుట్టిన పేరు ఇది.

ఆ వరస తప్పించే బిడ్డను యొరుబాలో అబికు అంటారు. బి అంటే పుట్టు, కు అంటే చావు. చావడానికే పుట్టేవాడని. ఒక తల్లికి వరసగా నలుగురు పోతే వాళ్లు నలుగురు కాదు, ఒక్కడే వచ్చి పోతున్నాడని నమ్మకం. వాడికి పైలోకంలో జట్టు ఉంటుంది, ఫలానా రోజుకు తిరిగి వచ్చేస్తానని వాళ్లకు మాటిచ్చి వస్తాడు. అందుకని చనిపోయిన బిడ్డ ఒంటి మీద గాటు పెట్టి పంపేవారు, మళ్లీ పుడితే గుర్తుపట్టడానికి. బతికున్న బిడ్డ కాళ్లకు గలగలలాడే ఇనుప కడియాలు వేసేవారు, ఆ చప్పుడుకు జట్టువాళ్లు దగ్గరికి రాకుండా. ఇవన్నీ అయ్యాక మిగిలింది మాట. ఆ మాటే పేరు.

ఆ పేర్లు వరసగా చదివితే ఒక ఇంట్లో సంభాషణ విన్నట్టే ఉంటుంది. మలొమొ: మళ్లీ వెళ్లకు. బంజొకొ: నాతో కూర్చో. దురోజయే: ఉండి జీవితాన్ని అనుభవించు (మాటకు మాట చూస్తే "ఉండి లోకాన్ని తిను"). దురోరికె: ఉండు, నిన్నెంత గారాబంగా చూసుకుంటామో చూద్దువు. బతిమాలి బతిమాలి విసుగొచ్చినట్టు తిజుయికు: చావడానికి సిగ్గుపడు! ఆ తర్వాత సాకులు. ఇలాంటి బిడ్డలకు పూర్తి అంత్యక్రియలు చేయకుండా పాత గుడ్డల్లో చుట్టి అడవిలో వదిలేసేవారు. అందుకే అకిసతన్ అంటే "పాత గుడ్డలు అయిపోయాయి", ఇబ్బెకొయి అంటే "అడవి కూడా దీన్ని వద్దంది". ఇంకా సూటిగా ఉండేది కొసొకొ, "పార లేదు". నీకు గొయ్యి తవ్వడానికి మా ఇంట్లో పనిముట్టు లేదు, కాబట్టి చావడం కుదరదు అని.

ఈ కొసొకొ అన్న పేరు చరిత్రలోనూ ఉంది. 1845 నుంచి 1851 దాకా లాగోస్‌ను ఏలిన రాజు పేరు అదే. 1851 డిసెంబరులో బ్రిటిష్ నౌకాదళం లాగోస్ మీద ఫిరంగులు పేల్చి దించేసింది ఆయన్నే. "పార లేదు" అనే పేరుతో సింహాసనం ఎక్కడం అక్కడ ఎవరికీ నామోషీగా అనిపించలేదు చూడండి. ఈ విషయం నాకు భలే నచ్చుతుంది.

వ్యాఖ్య: మాది శ్రీకాకుళం వైపు. మా పెద్దనాన్న పేరు తవిటయ్య. ముందు పుట్టినవాళ్లు దక్కలేదని, ఈయన పుట్టగానే పక్కింటివాళ్లకు ఇచ్చేసి, గుప్పెడు తవుడుకి మళ్లీ కొనుక్కున్నారట. మీరు చెప్పేది కూడా ఇదే కదా?

జవాబు: సగం ఇదేనండీ. తవిటయ్య, పెంటయ్య, పుల్లయ్య, తెలంగాణలో బిక్షమయ్య, అన్నీ ఆ భయంతో పెట్టిన పేర్లే. పెంటకుప్ప మీద పడుకోబెట్టి తెచ్చుకుంటే పెంటయ్య, ఎంగిలి విస్తళ్ల మీద పొర్లిస్తే పుల్లయ్య. ఇబ్బెకొయి వీళ్లకు సొంత అన్నదమ్ముడే.

కానీ నాకు తేడా ఒకటి గట్టిగా కనిపిస్తుంది. మన పేర్లు మృత్యువును ఏమారుస్తాయి. "వీడు పనికిరాని సరుకు, తవుడు ఖరీదు చేస్తాడు, నీకెందుకు" అని దాని చూపు మళ్లిస్తాయి. యొరుబా పేర్లలో ఎక్కువ భాగం మృత్యువుతో మాట్లాడవు, బిడ్డతోనే మాట్లాడతాయి. ఉండాలా పోవాలా అన్న నిర్ణయం బిడ్డ చేతిలో ఉందని వాళ్ల లెక్క. అందుకే వాటిలో ఆజ్ఞ, గారం, బెదిరింపు, సిగ్గు పెట్టడం అన్నీ ఉంటాయి. మన పెంటయ్యకు తన పేరు వినపడినా తనతో ఏమీ చెప్పదు. దురోసిన్మిని పిలిచిన ప్రతిసారీ "ఉండు, ఉండు" అని వినిపిస్తూనే ఉంటుంది.

వ్యాఖ్య: ఇదంతా మూఢనమ్మకం. సికిల్ సెల్ అనే వంశపారంపర్య రక్తపు జబ్బుకు దయ్యం కథ అల్లారు, అంతే.

జవాబు: జబ్బు సంగతి నిజమే. నైజీరియాలో దాదాపు నలుగురిలో ఒకరికి సికిల్ సెల్ జన్యువు ఉంటుంది. ఒక్క కాపీ ఉంటే మలేరియా నుంచి కొంత కాపాడుతుంది, అందుకే ఆ ప్రాంతంలో అంతగా నిలిచిపోయింది. తల్లికీ తండ్రికీ ఇద్దరికీ ఉంటే మాత్రం ప్రతి కాన్పులోనూ నాలుగింట ఒక వంతు అవకాశం బిడ్డకు జబ్బు రావడానికి. ఒకే తల్లికి బిడ్డలు వరసగా పోవడానికి ఇది ఒక కారణం అయ్యుంటుందని చాలామంది వైద్యులు అంటారు. మిగతావి మలేరియా, విరేచనాలు వగైరా. మన పాడేరు, ఆదిలాబాద్ ఏజెన్సీల్లోనూ ఈ జబ్బు ఉంది. అయితే ఇక్కడ మనం మాట్లాడుకునేది పేరు గురించి. రక్తపరీక్ష లేని రోజుల్లో వాళ్ల దగ్గరున్నది మాటే కదా.

వ్యాఖ్య: ఇప్పటికీ పెడుతున్నారా ఈ పేర్లు?

జవాబు: కొత్తగా పుట్టినవాళ్లకు తక్కువ. బ్రిటిష్ కాలంలో బడి, చర్చి రిజిస్టర్లు ఇంటిపేరు అడిగేసరికి చాలామంది తండ్రి పేరునో తాత పేరునో రాయించారు. ఒకప్పుడు ఒక్క బిడ్డకు పెట్టిన పేరు అలా వంశం మొత్తానికి అంటుకుంది. కొన్ని పేర్లకు మరో అర్థం దారి కూడా ఉంది. రోతిమి అంటే "నా దగ్గరుండు" అని బిడ్డను అడగడం. ముందు దేవుణ్ని చేర్చి ఒలురోతిమి అన్నారంటే "ప్రభువు నాకు తోడు నిలిచాడు". బతిమాలడం పోయి కృతజ్ఞత వచ్చింది.

వ్యాఖ్య: బాబాతుందే కూడా ఇలాంటిదేనా? అందులోనూ తిరిగి రావడం ఉంది.

జవాబు: మంచి ప్రశ్న. బాబా తండ్రి, తున్ మళ్లీ, దే రావడం. "నాన్న మళ్లీ వచ్చాడు." తాత పోయాక పుట్టిన మగబిడ్డకు పెడతారు, నాయనమ్మో అమ్మమ్మో పోయాక పుట్టిన ఆడపిల్ల అయితే యెతుందే. తిరిగి రావడం రెండింటిలోనూ ఉంది గానీ అబికు తిరిగొస్తే ఇంటిల్లిపాదికీ గుండె దడ, తాత తిరిగొస్తే పండగ.

మనవాళ్లూ తాత పేరు మనవడికి పెడతారు. అప్పుడు కోడలికి వచ్చే ఇబ్బంది తెలిసిందే: మామగారి పేరు పెట్టి పిల్లాణ్ని ఎలా తిట్టడం? అందుకే బుజ్జి, చంటి, చిన్నా లాంటి ముద్దుపేర్లు. యొరుబా కోడళ్లు ఇంకో మెట్టు ఎక్కారు. అత్తారింట్లో తమ పెళ్లికి ముందు పుట్టిన చిన్న పిల్లల్ని సైతం పేరు పెట్టి పిలవకూడదు, అందరికీ తలో ముద్దుపేరు కట్టాల్సిందే.