'కాలశ్రుతి' పెట్టె: కాలాన్నీ శ్రుతినీ ఒకే యంత్రం నిలబెట్టగలదా?

పెన్నాగట్టు:
పద్యనాటక సమాజం బతుకు మీద ఒక నాటకం రాస్తున్నా. అందులో 'కాలశ్రుతి' అని ఒక పెట్టె ఉంది. పూర్తిగా కల్పితం. నెల్లూరులో హార్మోనియంలు బాగుచేసే ముసలాయన దాన్ని తయారుచేస్తాడు. స్టేజీ కింద పెడితే చాలు, గోడ గడియారం సెకను కూడా తప్పదు, పైన వాద్యాలు ఎంత ఎండకైనా శ్రుతి తప్పవు. చదివి వినిపిస్తే మావాళ్లు రెండు ముఠాలయ్యారు. "కథే కదా, ఏదైనా చెల్లుతుంది" అని కొందరు. "గడియారానికీ మృదంగానికీ ఒకటే మందా, జనం నవ్వుతారు" అని మిగతావాళ్లు. మీరేమంటారు?

కావలి రేడియో:
నవ్వడానికేముందన్నా? కాలాన్ని కొలవడమంటేనే ఊపుల్ని లెక్కపెట్టడం. చేతి గడియారం విప్పి చూడు. బియ్యపు గింజంత గొట్టంలో క్వార్ట్జ్ ముక్క, అంటే క్రిస్టల్, ఉంటుంది, అది ట్యూనింగ్ ఫోర్క్ ఆకారంలోనే ఉంటుంది. సెకనుకు 32,768 సార్లు ఊగుతుంది. చిప్పు ఆ సంఖ్యను 15 సార్లు సగం చేసుకుంటూ పోతే సెకనుకు ఒక టిక్కు వస్తుంది. అదే ఊపును ఇంకో లెక్కన భాగిస్తే షడ్జమం, అదే 'స', వస్తుంది. నేను మొదటి ముఠా.

మూలాపేట మృదంగం:
అట్లా అయితే పెట్టె తన శ్రుతి తాను నిలబెట్టుకుంటుంది నాయనా, బాగానే ఉంది. నా మృదంగాన్ని ఎట్లా నిలబెడుతుంది? కార్తీకంలో ఆరుబయట నాటకమంటే అర్ధరాత్రి దాటేసరికి మంచుకు తోలు వదులవుతుంది. రెండు పద్యాల మధ్య రాయి తీసుకుని అంచు చుట్టూ కొట్టి పైకి తెచ్చుకోవాలి. ఎడమ వైపు తోలుకు అంటించిన రవ్వ ముద్ద ఎండిపోతే తడి చెయ్యి పెట్టాలి. ఈ పనంతా నీ చిప్పు చేస్తుందా?

ఒంగోలు సైన్సు:
మాస్టారు అడిగిందే అసలు ప్రశ్న. కాలంలో వచ్చే తప్పు పోగవుతుంది, శ్రుతిలో వచ్చే తప్పు పోగవదు. నాటకంలో ఈ తేడా ఎక్కడా కనబడలేదు.

గడియారంలోని ఆ క్వార్ట్జ్ 25 డిగ్రీల దగ్గర సరిగ్గా నడుస్తుంది. వేడెక్కినా చల్లబడినా నెమ్మదిస్తుంది. 45 డిగ్రీల్లో పెడితే పది లక్షలకు 14 వంతుల దాకా వెనకబడుతుంది. చిన్నదే, కానీ రోజుకు సెకను పైచిలుకు, నెలకు అర నిమిషం దాటుతుంది. అదే 14 వంతుల తేడా శ్రుతిలో వస్తే ఎంత చెవి ఉన్నవాళ్లకైనా తెలియదు. చెవికి తెలియాలంటే వెయ్యికి మూడు వంతులైనా మారాలి. కాబట్టి శ్రుతికి అంత గొప్ప క్రిస్టల్ అక్కర్లేదు. శ్రుతికి వచ్చే చిక్కంతా వాద్యం ఒంటితోనే.

వేణువునే తీసుకోండి. గాలి 20 డిగ్రీల నుంచి 40కి వేడెక్కితే శబ్దవేగం సెకనుకు 343 మీటర్ల నుంచి 355కు పెరుగుతుంది. దాంతో శ్రుతి ఒక స్వరస్థానం నుంచి పక్క స్వరస్థానానికి ఉండే దూరంలో సగం దాకా పైకి పోతుంది. హార్మోనియంలో మోగే ఇత్తడి రేకు, అదే రీడు, వేడికి కాస్త కిందికి దిగుతుంది. రోహిణి కార్తెలో మధ్యాహ్నం రిహార్సల్ పెట్టి ఆ ఇద్దర్నీ కలిపి వాయించమనండి. ఒకటి పైకి, ఒకటి కిందికి. పెట్టె ఎవరి పక్షాన ఉంటుంది? ముసలాయన దీనికి జవాబు చెప్పకపోతే ఆ పెట్టెను నేను నమ్మను.

కావలి రేడియో:
వేణువులో ఆడేది వీధిలో గాలి కాదు సార్, ఆయన ఊపిరి. అది ముందే వెచ్చగా ఉంటుంది. అంత తేడా రాదు.

ఒంగోలు సైన్సు:
అందుకే 'దాకా' అన్నాను. తగ్గుతుందే కానీ పోదు. రెండు పాటల పాటు పక్కన పెట్టిన వేణువును ఎత్తుకున్నప్పుడు మొదటి స్వరం వినండి.

సూళ్లూరుపేట:
జిల్లాలు విడదీశాక మమ్మల్ని తిరుపతిలో కలిపారు, అయినా పాత నెల్లూరోళ్లం కాబట్టి ఒక మాట. 'సెకను కూడా తప్పదు' అనే డైలాగు తీసేయండి. 2013లో శ్రీహరికోట నుంచి పంపిన ఐఆర్‌ఎన్‌ఎస్‌ఎస్-1ఏ అనే దారి చూపే ఉపగ్రహంలో మూడు రుబీడియం అణు గడియారాలుండేవి, మూడూ చెడిపోయాయి. మనవాళ్లు సొంతంగా తయారుచేసిన రుబీడియం గడియారం 2023 మే 29న ఎన్‌వీఎస్-01 ఉపగ్రహంలో వెళ్లింది. ఆకాశంలో ఉన్నవాటికే స్పేర్లు పెట్టుకుంటుంటే, నెల్లూరు మూలాపేట సందులో చేసిన పెట్టెకు ఒకటే క్రిస్టలా? రెండోది దాచి ఉంచాడని ఒక సీను పెట్టండి, జనం నమ్ముతారు.

పెన్నాగట్టు:
రెండో క్రిస్టల్ సీను నాకు నచ్చింది, రాస్తా. గడియారం సంగతి అంతటితో తేలిపోతుంది. శ్రుతి దగ్గరే ఇరుక్కున్నా. పెట్టె వాద్యాల్ని పట్టుకోదు, వింటుంది, తప్పినవాళ్ల పేరు పిలుస్తుంది అని మారిస్తే?

మూలాపేట మృదంగం:
ఎవరి శ్రుతికి తప్పినట్టు? పద్యం ఎత్తుకునే నటుడు ఈ రాత్రి గొంతు బాగాలేదు, అర శ్రుతి దించమంటే అందరం దిగాల్సిందే. నీ పెట్టె అప్పుడు అందరి పేర్లూ పిలుస్తుంది.

పెన్నాగట్టు:
మాస్టారూ, ఈ మాట వాడుకోనా? రెండో అంకం చివర ముసలాయన మీద హార్మోనిస్టు తిరగబడే చోటు ఖాళీగా ఉంది.

మూలాపేట మృదంగం:
వాడుకో. హార్మోనిస్టుకు మాత్రం ఇవ్వొద్దు, మృదంగం వాడికియ్యి.

కావలి రేడియో:
ఇంత తిప్పలెందుకు? తోలైనా, రీడైనా, క్రిస్టలైనా చెడేది వేడికీ చెమ్మకేగా. స్టేజీ మొత్తాన్ని 25 డిగ్రీల్లో, చెమ్మ లేకుండా ఉంచే పెట్టె అని రాసెయ్ అన్నా. అన్నీ ఒక్క దెబ్బకు నిలబడతాయి.

మూలాపేట మృదంగం:
దాన్ని ఏసీ అంటారు నాయనా.