తొలిచూలు ముర్రా బర్రె తన్నుతోంది, చేపట్లేదు (పాలు కిందికి దించట్లేదు). బందం (పిండేటప్పుడు కాళ్లకు కట్టే తాడు) మాన్పించేదెలా?

మొయినాబాద్ పాడి: ఈని రెండు వారాలైంది. పొదుగు మీద చెయ్యి పడితే చాలు, కాలు లేపుతోంది. బందం వేసి పిండినా లీటరు దాటట్లేదు. తొట్లో దాణా ఉన్నంతసేపు నిలబడుతుంది, అయిపోగానే మళ్లీ అదే తంతు. పాలు చేపడానికి ఆక్సిటోసిన్ సూది వేయమంటున్నారు. వేరే దారి ఉందా అన్నా?

రాజేంద్రనగర్ వెట్: ముందు నొప్పి సంగతి తేల్చండి. మొదటి ధారలు నల్ల గిన్నెలో పిండండి. గడ్డలు, నీళ్లలాంటి పాలు కనిపిస్తే పొదుగువాపే. చన్నుల పగుళ్లు, కొత్తగా ఈనినప్పుడు పొదుగుకు పట్టే నీరు కూడా చూడండి. నొప్పి ఉన్నంతకాలం మచ్చిక ఎక్కదు.

ఇక సూది. బర్రెకు చేపకముందు కిందికి దిగి ఉండేవి ఐదు శాతం పాలే, మిగతావి చేపితేనే వస్తాయి. బెదిరితే అడ్రినలిన్ ఆ చేపును ఆపేస్తుంది. బందం బిగించిన కొద్దీ పాలు తగ్గేది అందుకే. రోజూ సూది పడితే అది లేకుండా చేపడం మానేస్తుంది.

శంకర్‌పల్లి బర్రెలు: తొట్టి నింపి పిండితే అది బహుమానం కాదు, కాసేపు మరిపించడం. ఏం చేసినందుకు దాణా దొరికిందో దానికి తెలియాలి. రోజు దాణాలోంచే ఒక అరకిలో పక్కన పెట్టి పిడికెళ్లుగా ఇవ్వండి.

మొదట నాలుకతో టక్ మనండి, వెంటనే పిడికెడు. శబ్దం వినగానే మూతి మీ వైపు తిప్పిందంటే అర్థమైనట్టే. తర్వాత మూడు నాలుగడుగుల కర్ర కొసకు గుడ్డ చుట్టి, భుజం దగ్గర్నుంచి డొక్క, తొడ, పొదుగు అంచు వరకు మెల్లగా రండి. ఇంకొకరు తల దగ్గర దాణాతో ఉండాలి. కాలు లేపితే కర్ర తీయొద్దు, అరవొద్దు, అలాగే ఆనించి ఉంచండి. గిట్ట నేలకు ఆనిన క్షణంలో టక్, కర్ర తీసేయడం, పిడికెడు. అందరూ తప్పేది ఇక్కడే: తన్నగానే చెయ్యి వెనక్కి లాగుతారు, తన్నితే చెయ్యి పోతుందని అది నేర్చుకుంటుంది. కర్రకు కదలకపోతేనే చేతికి మారండి.

పూటకు ఐదు నిమిషాలు చాలు, పాలు పిండే మనిషే చేయాలి. మచ్చికయ్యేదాకా పిండడం మాత్రం ఆపొద్దు, పాలు నిలిస్తే పొదుగు చెడుతుంది. బందం వదులుగా ఉంచి, కుదిరాక తీసేయండి.

మొయినాబాద్ పాడి: దాణా బదులు బెల్లం?

రాజేంద్రనగర్ వెట్: గోలీ అంత ముక్కలు, రోజుకు వంద గ్రాముల లోపు. ఎక్కువైతే కడుపు పులుస్తుంది. ఇంకో పడ్డ (ఇంకా ఈనని బర్రె) చూడిదైతే ఈనడానికి నెల ముందే పొదుగు పైపైన నిమరడం మొదలుపెట్టండి. చన్నులు మాత్రం పిండొద్దు, మూసుకున్న రంధ్రం తెరుచుకుంటే క్రిములు లోపలికి పోతాయి.