కలలు మార్చడానికి పర్మిట్ ఇచ్చే ఆఫీసు ఎలా నడుస్తుంది? (నా సీరియల్ కోసం)

నిద్రగన్నేరు:
నమస్కారమండీ. ఒక ఫాంటసీ సీరియల్ రాస్తున్నాను. అందులో మంత్రం తెలిసినవాళ్ళు పక్కవాళ్ళ కలల్లోకి దూరి వాటిని మార్చేయగలరు. జనం చెప్పుకునే కథల్నీ మార్చగలరు. ఈ రాత్రి ఒక కథకి ముగింపు మారిస్తే, తెల్లారేసరికి ఊరందరికీ ఆ కథ అలాగే గుర్తుంటుంది. అడ్డూ అదుపూ లేకుండా పోతోందని రాజుగారు ఒక శాఖ పెట్టారు. కలకి ఒక పర్మిట్, కథకి ఇంకో పర్మిట్. మా మంగ అక్కడ గుమస్తా. ఆవిడ దగ్గరికి వచ్చే అర్జీలు ఇలా ఉంటాయి: "చనిపోయిన మా అత్తగారు రోజూ మా ఆయన కలలోకి వచ్చి నా మీద చాడీలు చెప్తోంది. ఆవిడ నోరు మూయించగలరు."

ఇంతవరకు సరదాగానే రాశాను. ఆపైన కథ కదలడం లేదు. పర్మిట్ ఇస్తే పని అయిపోతుంది, ఇవ్వకపోతే చాటుగా చేసుకుంటారు. ఇక టెన్షన్ ఎక్కడుంది? ఆఫీసు వ్యవహారాలు తెలిసినవాళ్ళు చెప్పండి. మంత్రాల సంగతి నేను చూసుకుంటాను.

రైలు కూత:
లంచం పెట్టండి. టెన్షన్ అదే వస్తుంది.

దస్తావేజు తాత:
లంచం అందరూ రాసేదే, వదిలేయమ్మా. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు ఎదురుగా వేపచెట్టు కింద దస్తావేజులు రాసి బతికినవాణ్ణి. ఎవరు ఏ కాగితం తెచ్చినా నేను ముందు అడిగేది "ఆస్తి ఎవరిది?" అని. మీ కథలో కల ఎవరిదో తేలలేదు. కన్నవాడిదా, అందులో కనపడినవాళ్ళదా? ఆ అత్తగారి అర్జీలో కల మొగుడిది, సంతకం పెళ్ళాంది, మూయించే నోరు ఇంకొకావిడది. మొగుడి సమ్మతి లేకుండా మంగ ఆ అర్జీ ఎలా తీసుకుంటుంది?

ఉషా అనిరుద్ధుల సంగతే చూడండి. బాణాసురుడి కూతురికి కలలో ఒక కుర్రాడు కనిపించాడు. పేరూ ఊరూ తెలీదు. చెలికత్తె చిత్రరేఖ ఊరూరి రాజకుమారుల బొమ్మలు గీసి చూపించింది. ఉష గుర్తుపట్టగానే ద్వారకకి పోయి, నిద్రలో ఉన్నవాణ్ణి ఉన్నట్టే శోణపురానికి ఎత్తుకొచ్చింది. కల ఉషది, మనిషి మాత్రం కృష్ణుడి మనవడు. వాళ్ళింట్లో ఎవరికీ చెప్పలేదు. చివరికి యాదవ సైన్యం వచ్చి పడింది, బాణుడి వెయ్యి చేతుల్లో నాలుగు మిగిలాయి. ఇప్పుడు చిత్రరేఖ అర్జీ మంగ టేబుల్ మీదికి వచ్చిందనుకో. అభ్యంతరాలుంటే చెప్పమని ద్వారకకి నోటీసు పంపాలా? పంపితే పిల్ల గుట్టు రట్టవుతుంది. పంపకపోతే యుద్ధం.

గడువు కూడా పెట్టు. తెలంగాణలో 2020లో టీఎస్ బీపాస్ అని ఇళ్ళ అనుమతుల చట్టం తెచ్చారు. 75 గజాల లోపు చిన్న ఇంటికి అనుమతే అక్కర్లేదు, రూపాయి కట్టి నమోదు చేసుకుంటే సరి. అది దాటితే ఒక హద్దు వరకు సొంత ధ్రువీకరణ మీద వెంటనే ఇచ్చేస్తారు. పెద్దవాటికి 21 రోజులు. ఆలోగా ఆఫీసు ఏదీ తేల్చకపోతే అనుమతి వచ్చినట్టే లెక్క. అబద్ధం రాసిచ్చినట్టు తేలితే నోటీసు లేకుండానే కూల్చొచ్చు. దీన్ని అలాగే కలలకి దించు. పరీక్ష రోజు హాల్ టికెట్ పోయిందని కలగనేవాడికి అది దొరికేలా చెయ్యడం రూపాయి బాపతు. ఇంకెవడో రాజుగారి కలే మార్చాలని అర్జీ పడేశాడు. పైవాళ్ళు భయపడి ఆ ఫైలు ముట్టుకోలేదు. 21వ రోజు అర్ధరాత్రి దాటితే వాడికి అనుమతి వచ్చేసినట్టే. మంగ ఆ సాయంత్రం ఫైలు తెరిచింది. సంతకం పెట్టాల్సిన అధికారి సెలవులో ఉన్నాడు.

అన్నట్టు, కల కూల్చేటప్పుడు మనిషి అందులోనే ఉంటాడు. అది మర్చిపోకు.

గుమ్మెట మోత:
కథల పర్మిట్‌ని అందరూ వదిలేశారు. మా నాన్న బుర్రకథ దళంలో వంత. మధ్యలో కథకుడు తంబురాతో ఉంటాడు. పక్కన ఇద్దరు గుమ్మెటలు వాయిస్తూ వంత పాడతారు, ఒకరు హాస్యం, ఒకరు రాజకీయం. మా నాన్నది రాజకీయం. బొబ్బిలి యుద్ధం జోరుగా నడుస్తుంటే, ఆ ఊళ్ళో సర్పంచి తవ్వించకుండా ఆపిన బావి గొడవ తెచ్చి బుస్సీ దొర నోట్లో పెట్టేవాడు. అది ఏ రాతప్రతిలోనూ దొరకదు. తెల్లదొరలు మద్రాసు ప్రెసిడెన్సీలో, నిజాం తన సంస్థానంలో బుర్రకథని నిషేధించారంటే ఊరికే కాదు. 2018లో రద్దయిన 1876 నాటక ప్రదర్శనల చట్టం కింద వేయబోయే నాటకం వివరాలు సర్కారు అడగగలిగేది. వంతవాడు ఆ పూట ఏమంటాడో వాడికే తెలీదు, వివరాలు ఎవరిస్తారు? మీ శాఖవాళ్ళు ఒక ప్రతి మీద ముద్ర వేస్తారు, రాత్రికి జనం వినేది ఇంకొకటి. అది మంత్రమా, వంతా? తనిఖీకి వచ్చినవాడు ఎలా తేలుస్తాడు?

ఇంకోటి. ఏడు చేపల కథలో జాలిపడి ఎవరో చీమ కుట్టకుండా మార్చారనుకోండి. పిల్లాడు ఏడవడు, అవ్వ బువ్వ పెడుతుంది, ఆవు గడ్డి మేస్తుంది, చేప ఎండుతుంది. తెల్లారి ఊళ్ళో ఎవరికీ ఆ కథే ఉండదు. ఇంత చిన్న మార్పుని మీ మంగ రూపాయి బాపతు కిందే రాసుకుంటుంది కదా!

నిద్రగన్నేరు:
అమ్మో, చీమ అర్జీ మొదటి భాగంలోనే పెట్టేస్తాను. అర్జీదారు చీమ కుట్టిన పిల్లాడి తల్లి. తాతగారూ, ఆ 21 రోజుల్లో సెలవులు కలుస్తాయా?

దస్తావేజు తాత:
రాజ్యం నీది, గెజిట్ నీది. కలలు ఆదివారం కూడా వస్తాయి కాబట్టి కలిపెయ్. లెక్క ఇన్‌వార్డు ముద్ర మీది తేదీ నుంచి మొదలవుతుంది. ఆ ముద్రలో తేదీ చక్రం తిప్పేది ఎవరో ముందే రాసిపెట్టు. నాకు తెలిసిన ఆఫీసుల్లో అది అటెండరు చేతిలో ఉండేది.