పండక్కి తీసుకెళ్లి బాబుని పంపలేదు, మధ్యంతర కస్టడీ ఎలా?

అమలాపురం అమ్మ:
బాబుకి నాలుగేళ్ల రెండు నెలలండి. విడాకుల కేసు నడుస్తోంది. భోగికి తీసుకెళ్లిన మా ఆయన కనుమ వెళ్లాక దింపుతానన్నారు, ఇంకా రాజమండ్రిలోనే ఉంచారు. అక్కడే బళ్లో వేస్తారట. పిటిషన్ ఎక్కడ వేయాలి? జడ్జిగారు ఏం అడుగుతారు? వాడికి రాత్రిళ్లు ఆయాసం. మందుల సంచి నా దగ్గరే ఉండిపోయింది.

భీమవరం అమ్మమ్మ:
ఐదేళ్లలోపు పిల్లలు తల్లికేనమ్మా, బెంగ పెట్టుకోకు. మా అమ్మాయికీ అలాగే ఇచ్చారు.

రావులపాలెం నాన్న:
ఈ "తల్లికే" అన్న మాట వింటే ఒళ్లు మండిపోతుందండి. 1956 హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం ఆరో సెక్షన్‌లో ఉన్నది "సాధారణంగా" అని. నాకు నెలకి రెండు ఆదివారాలు, అదీ కోర్టు ఆవరణలో రెండేసి గంటలు. మొన్న ఆత్రేయపురం పూతరేకులు పట్టుకెళ్తే మా పాప పొట్లం విప్పకుండా వాళ్లమ్మ మొహంకేసి చూసింది. తినమంటే గానీ తినలేదు.

భీమవరం అమ్మమ్మ:
నిన్నెవరన్నారు బాబూ? పండక్కని తీసుకెళ్లి దాచేసినాయన్ని అన్నాను.

రావులపాలెం నాన్న:
నన్నూ ఆయన్నీ ఒకే గాటన కట్టకండి. ఇచ్చిన టైముకి ఒక్క నిమిషం అటూఇటూ కాకుండా పాపని అప్పగిస్తున్నాను. నాకు మూడు సంక్రాంతులు పోయాయి. జగ్గన్నతోట ప్రభలు చూపించాలని ఒక్క కనుమ అడిగితే, పండగ మూడ్రోజులూ వాళ్లకేనన్నారు.

పాత గుమాస్తా:
22 ఏళ్లు ప్లీడరు గుమాస్తాగా చేశాను, ఇలాంటి కట్టలు ఎన్ని మోశానో లెక్కలేదు. అమ్మా, విడాకుల కేసు ఉన్న కోర్టులోనే హిందూ వివాహ చట్టం 26 సెక్షన్ కింద ఐఏ, అంటే కేసు తేలేలోపు ఇచ్చే ఆర్డరు కోసం మధ్యంతర పిటిషన్, వేయించు. విడిగా వేస్తే 1890 గార్డియన్స్ చట్టం, 12 సెక్షన్. దానికి బిడ్డ మామూలుగా ఉండే ఊరే లెక్క, పండక్కి వెళ్లిన ఊరు కాదు. బడి ఫీజు రసీదులు, టీకాల కార్డు, ఆయాసానికి డాక్టరు రాసిన చీటీలు జతచెయ్యి. కొత్త బళ్లో చేర్చకముందే వెయ్యాలి. నాన్నగారూ, పండగలకి విడిగా పిటిషన్ వేసుకోండి. భోగి ఒకరికి, కనుమ ఒకరికి రాసిన ఆర్డర్లు నా చేత్తో తెచ్చాను.

మలికిపురం, ఇప్పుడు కువైట్:
పని కోసం ఇక్కడికి వచ్చాను గనక బిడ్డని వదిలేశానని మా ఆయన తరఫువాళ్లు కోర్టుకిచ్చిన జవాబులో (కౌంటర్‌లో) రాశారు. నేను పంపిన డబ్బుతోనే వాడు చదువుతున్నాడు. దూరంగా ఉన్న తల్లిదండ్రులకి వీడియో కాల్ ఇవ్వాలని 2020లో యశితా సాహు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది చూపించాకే వారానికి మూడు కాల్స్ వచ్చాయి.

భీమవరం అమ్మమ్మ:
అంత చిన్నవాణ్ని వదిలి ఎలా వెళ్లావమ్మా?

మలికిపురం, ఇప్పుడు కువైట్:
అప్పు మీరు తీరుస్తారా? ఆ మాట ఇంకోసారి అనకండి.

అమలాపురం అమ్మ:
గొడవ పడకండి, దణ్ణం పెడతాను. రేపు ప్లీడరుగారి దగ్గరికి వెళ్తున్నాను. మందులు ఆర్టీసీ కార్గోలో పంపాను. తీసుకున్నట్టు ఇంకా ఫోన్ రాలేదు.

పాత గుమాస్తా:
ఆ కార్గో రసీదు పారెయ్యకు, రేపు ప్లీడరుకివ్వు.