అమ్మ నీళ్ల క్యాన్ల బండికి ఏ చక్రాలు వేయించాలి?

నాగావళి_ఒడ్డు:

అందరికీ నమస్కారం. మాది పాలకొండ దగ్గర ఒక పల్లెటూరు. నేను హైదరాబాద్‌లో ఉద్యోగం, ఊళ్లో అమ్మ ఒక్కతే ఉంటుంది, 64 ఏళ్లు. తాగే నీళ్లకి వాటర్ ప్లాంట్ దాకా వెళ్లాలి, ఇంటి నుంచి అర కిలోమీటరు పైనే ఉంటుంది. రోజు విడిచి రోజు రెండు 20 లీటర్ల క్యాన్లు కావాలి. ఇన్నాళ్లూ పక్కింటి కుర్రాడు బైక్ మీద తెచ్చి పెట్టేవాడు, ఈ ఏడాది వాడు చదువుకి విశాఖపట్నం వెళ్లిపోయాడు.

అందుకని ఆన్‌లైన్‌లో మడత పెట్టే ట్రాలీ ఒకటి కొని పంపాను. 100 కిలోలు మోస్తుందని రాసి ఉంది, నిజంగానే మోస్తోంది, సిమెంటు రోడ్డు మీద ఏ ఇబ్బందీ లేదు. కానీ సిమెంటు రోడ్డు సగం దూరమే. ఆ తర్వాత కంకర పైకి తేలిన మట్టి బాట. అక్కడ చక్రాలు టకటకా కొట్టుకుంటూ ప్రతి రాయికీ ఆగిపోతున్నాయి. పోయిన వారం అమ్మ ట్రాలీని ముందుకి తోసుకుంటూ వస్తుంటే చక్రం రాయికి తగిలి ట్రాలీ ఆగిపోయింది, అమ్మ దాని మీదుగా ముందుకి పడింది. మోకాలు చీరుకుపోయింది. ఈ సంగతి నాకు అమ్మ చెప్పలేదు, పిన్ని ఫోన్ చేసి చెప్పింది. అప్పటి నుంచి నాకు ఒకటే టెన్షన్.

ఇప్పుడున్న చక్రాలు 4 అంగుళాలవి, గట్టి ప్లాస్టిక్. వీటి బదులు ఏం వేయించాలి? సైకిల్ చక్రాలా, స్కూటర్‌వా, లేక సూపర్‌మార్కెట్ ట్రాలీలకి ఉండే అటూ ఇటూ తిరిగే చక్రాలా? వానాకాలంలో ఆ బాట బురద అవుతుంది, అది కూడా చూసుకోవాలి. పాలకొండలో వెల్డింగ్ షాపు ఉంది, ఏం చెయ్యాలో సరిగ్గా చెప్తే చేసిపెడతాడు. చెప్పాల్సింది నేనే, నాకేమో ఏమీ తెలియదు.

తెనాలి_సైకిల్_షాపు:

ముందు అమ్మగారి మోకాలు ఎలా ఉందో చెప్పండి. దెబ్బ పైపైనే అయితే పర్లేదు, వాపు ఉంటే చూపించండి.

మట్టి బాట మీద 4 అంగుళాల చక్రం వద్దే వద్దు. అది ఆసుపత్రిలో, షాపుల్లో, టైల్స్ మీద తిరగడానికి చేసింది. నా మాట అయితే పిల్లల సైకిల్ 20 అంగుళాల చక్రాలు రెండు తీసుకోండి. తేలిక, పాత సామాన్లవాళ్ల దగ్గర దొరుకుతాయి, బేరింగు గోళీలు ఏ ఊళ్లో అయినా మారుస్తారు. సైకిల్ చక్రం చూడ్డానికి సన్నగా ఉంటుంది కానీ బరువు బాగా మోస్తుంది, ఎందుకంటే దాని స్పోకులు కర్రల్లా నిలబడి మొయ్యవు, అన్నీ కలిసి రిమ్ముని మధ్యలోకి బిగించి లాగి పట్టుకుంటాయి. పాత 28 అంగుళాల సైకిళ్లకి ముందు చక్రానికి 32, వెనక చక్రానికి 40 స్పోకులు ఉండేవి, బరువు వెనకే పడుతుంది కాబట్టి. దాని మీద ఇద్దర్నీ, వడ్ల బస్తానీ కూడా తీసుకెళ్లిన వాళ్లని మీరూ చూసే ఉంటారు.

ఒక్క జాగ్రత్త. సైకిల్ చక్రానికి పక్క నుంచి వచ్చే తోపు పడదు. సైకిల్ మలుపు తిరిగేటప్పుడు మనం దాంతోపాటు వాలతాం, బండి వాలదు, కాబట్టి ఒరిగిన చోట, తిప్పిన చోట రిమ్ము సొట్ట పడుతుంది. అందుకే ఇరుసుని చక్రానికి రెండు పక్కలా పట్టుకునేలా ఫోర్కు కట్టించాలి. ఒక పక్కే నట్టు వేసి వదిలేస్తే నెల తిరక్కుండా వంగుతుంది. మా షాపుకి వచ్చిన ఇలాంటి బండ్లు చాలా బాగుచేశాను, అన్నిటిదీ ఇదే రోగం.

రేగడి_బాట:

సైకిల్ చక్రం ఎండాకాలం వరకూ సరే, బురదలో మాత్రం కష్టం. మాది నంద్యాల వైపు, తాత ముత్తాతల నుంచి వడ్రంగం, మా తాత ఎడ్ల బండి చక్రాలు చేసేవాడు. సన్నటి చక్రం మెత్తటి నేలని కత్తిలా కోసుకుంటూ దిగిపోతుంది. ఎంత ఎత్తు చక్రమైనా వెడల్పు లేకపోతే నల్లరేగట్లో కూరుకుపోవాల్సిందే. ఇనుప పట్టా వేసిన మా కర్ర బండ్లు మనిషి ఛాతీ ఎత్తు ఉండి కూడా వానాకాలంలో దిగబడేవి, నలుగురు చక్రం ఆకులు (కర్ర స్పోకులు) పట్టుకుని తిప్పితే గానీ పైకి వచ్చేవి కాదు. తర్వాత టైరు బండ్లు వచ్చాయి. వాటి చక్రం పాతదానికంటే పొట్టి, అయినా ఎద్దులకి సులువైంది. గాలి టైరు వెడల్పుగా నేల మీద పరుచుకుంటుంది, లోపల బేరింగు ఉంటుంది. దమ్ము చేసే ట్రాక్టరుకి కేజీవీల్స్ (పంజరం లాంటి ఇనుప చక్రాలు) బిగించేది కూడా బురదలో దిగిపోకుండా పట్టు దొరకడానికే కదా. అవే చక్రాలతో రోడ్డెక్కితే రోడ్డు పాడవుతుందని ఊళ్లో గొడవలు అవుతాయి. ఏ నేలకి ఆ చక్రం.

అడిగారు కాబట్టి కాదు గానీ, కర్ర చక్రం సంగతి చెప్పకుండా ఉండలేను. మధ్యలో దుంగ, దానికి తొలిచిన బెజ్జాల్లో ఆకులు, ఆకుల చివర్ల మీద వంపు తిరిగిన పూటీలు, అన్నిటి చుట్టూ ఇనుప పట్టా. తుమ్మ చెక్క వాడేవాళ్లు. తాత పట్టాని చక్రం కంటే కాస్త చిన్నగా చేసేవాడు. పిడకలు, కట్టెలు పేర్చి దాన్ని ఎర్రగా కాల్చి, ఇద్దరు ముగ్గురు పట్టకార్లతో తెచ్చి చక్రం మీద దించి, చెక్క అంటుకునే లోపే నీళ్లు గుమ్మరించేవాళ్లు. పద్నాలుగడుగుల చుట్టుకొలత ఉన్న పట్టా 500 డిగ్రీలు వేడెక్కితే దాదాపు ఒక అంగుళం సాగుతుంది, చల్లారేటప్పుడు ఆ అంగుళమూ వెనక్కి లాక్కుంటూ పూటీల్ని, ఆకుల్ని దుంగలోకి బిగించేస్తుంది. ఆ బిగుసుకునే చప్పుడు నాకు ఇంకా చెవుల్లో ఉంది. ఒక్క మేకు లేకుండా అంత గట్టిగా నిలిచే వస్తువు నేను మళ్లీ చూడలేదు. ఇప్పుడు మా ఊళ్లో ఆ పని తెలిసినవాళ్లు ఎవరూ లేరు, ఉన్న రెండు చక్రాలూ ఎవరో హోటల్ ముందు అలంకారానికి కొనుక్కెళ్లారు. నాకు చాలా బాధేసింది.

సరే, మీ బండికి వెడల్పు టైరు చూడండి. ఇరుసుకి గ్రీజు మర్చిపోవద్దు. అప్పట్లో కాల్చిన గడ్డి మసి ఆముదంలో కలిపి కందెన చేసి గొట్టంలో పోసి బండికే వేలాడదీసేవాళ్లు, బండి ఎక్కడికి వెళ్తే అక్కడికి కందెన కూడా వెళ్లాలన్నమాట.

ఓరుగల్లు_సైన్స్_టీచర్:

నేను హైస్కూల్లో భౌతికశాస్త్రం చెప్తాను. అమ్మగారు ఎందుకు పడ్డారో లెక్కలో చూద్దాం, అప్పుడు ఎంత చక్రం కావాలో తెలుస్తుంది.

రెండు క్యాన్లు, ట్రాలీ కలిపి 45 కిలోలు అనుకుందాం. రెండు చక్రాలూ అంగుళం ఎత్తున్న గట్టి రాయికి ఒకేసారి ఆనాయి. ఆగిన చోట నుంచి అడ్డంగా తోసి ఎక్కించాలంటే 4 అంగుళాల చక్రానికి దాదాపు 78 కిలోల తోపు కావాలి, అంటే మోసే బరువు కంటే ఎక్కువ. అదే 16 అంగుళాల చక్రానికి 25 కిలోలు చాలు. 24 అంగుళాల చక్రమైతే 20. ఇంకో సంగతి చూడండి, నాలుగు నుంచి పదహారుకి వెళ్తే మూడింట రెండొంతుల కష్టం తగ్గింది, పదహారు నుంచి ఇరవై నాలుగుకి వెళ్తే తగ్గింది ఐదు కిలోలే. కాబట్టి మరీ పెద్ద చక్రం కోసం వెతకక్కర్లేదు. రాయి ఎత్తు రెండు అంగుళాలు అయితే 4 అంగుళాల చక్రాన్ని అడ్డంగా ఎంత బలంగా తోసినా ఎక్కదు, ఎందుకంటే రాయి అంచు ఇరుసు ఎత్తుకి వచ్చేస్తుంది. గాలి టైరు అయితే ఈ లెక్క ఇంకా తగ్గుతుంది, చిన్న రాయిని టైరు తనలోకి నొక్కుకుని దాటేస్తుంది. గాలి టైరుకి 1888లో పేటెంటు తీసుకున్న డన్లప్ పశువుల డాక్టరు, కొడుకు మూడు చక్రాల సైకిల్ గతుకుల్లో ఎగిరెగిరి పడుతోందని మొదలుపెట్టాడు. మీరు అమ్మ కోసం చక్రం వెతుకుతున్నారు.

తిరిగే చక్రాలు మాత్రం వేయించకండి. ఆ చక్రం తిరిగే కీలుకి కాస్త వెనగ్గా ఉంటుంది, మనం ఎటు తోస్తే అటు దానంతట అదే సర్దుకుంటుంది, నున్నటి నేల మీద బాగుంటుంది. కంకర మీద ప్రతి రాయీ దాన్ని ఒక్కో వైపు తిప్పుతుంది, బండి మన మాట వినదు. మీకు కావాల్సింది రెండే చక్రాలు, ఒకే ఇరుసు.

అమ్మగారికి ఈ రోజే ఫోన్ చేసి ఒక మాట చెప్పండి. కొత్త బండి వచ్చేలోపు పాత ట్రాలీని తొయ్యొద్దు, వెనక్కి తిరిగి లాగమనండి. తోస్తే మన బలంలో కొంత కిందికి పోయి చక్రాన్ని రాయికి ఇంకా నొక్కుతుంది, లాగితే పైకి లేపుతుంది. ఆగినా మీద పడే ప్రమాదం ఉండదు.

కృష్ణలంక_అమ్మాయి:

మాది విజయవాడ. నాన్న ఆరేళ్లుగా వీల్‌చైర్‌లో ఉన్నారు కాబట్టి చక్రాల గురించి నాకు తెలియకుండానే చాలా తెలిసింది. నాన్న కుర్చీకి వెనక 24 అంగుళాల చక్రాలు, ముందు చిన్న తిరిగే చక్రాలు. ఇబ్బంది ఎప్పుడూ ముందు వాటితోనే. డ్రైనేజీ మూత సందులో, గుడి దగ్గర రాళ్ల సందులో అవే ఇరుక్కుంటాయి, అప్పుడు కుర్చీని వెనక్కి వంచి పెద్ద చక్రాల మీదే నడపాలి. టీచర్ గారు చెప్పిన లెక్క నా చేతులకి తెలుసు.

నాకు ఇంకో అనుమానం ఉంది, ఇంతవరకూ ఎవరూ అడగలేదు. చక్రాలు బాగానే ఉంటాయి, ఒక్కో క్యాను 20 కిలోల పైన కదా, ఇంటికి వచ్చాక దాన్ని దించేది ఎవరు? నడుము పట్టేసేది అక్కడే. అడుగున కుళాయి ఉన్న క్యాన్లు దొరుకుతాయి. వాటిని బండి మీదే ఉంచేసి, ప్లాంట్ దగ్గర పైపుతో అలాగే నింపించుకుని, ఇంటికొచ్చాక బండిని వంటగది పక్కన పెట్టి కుళాయి తిప్పుకోవడమే. ఎత్తడం, దించడం అసలు ఉండదు. గుమ్మం దగ్గర మెట్టు ఉంటే వాలు కట్టించండి, ఒక అడుగు ఎత్తుకి పన్నెండడుగుల పొడవు ఉండాలి. మా ఇంట్లో మొదట చోటు లేదని నిటారుగా కట్టారు, నేను ఒక్కదాన్నే నాన్నని ఎక్కించలేకపోయాను, మళ్లీ పగలగొట్టించాం.

పిడి ఎత్తు కూడా మీరు ఊహించి చెప్పొద్దు, అమ్మగారిని నిలబెట్టి కొలిపించండి.

తెనాలి_సైకిల్_షాపు:

రేగడి బాట గారు చెప్పింది నిజం, బురద మాట నేను పట్టించుకోలేదు. నా సలహా మార్చుకుంటున్నాను. కట్టడం పనుల దగ్గర సిమెంటు మోసే ఒంటి చక్రం బండి ఉంటుంది కదా, దాని చక్రం విడిగా హార్డ్‌వేర్ షాపుల్లో అమ్ముతారు. 4.00-8 సైజు అడగండి. ఎనిమిది అంగుళాల రిమ్ము, నాలుగు అంగుళాల టైరు, మొత్తం ఎత్తు 16 అంగుళాలు వస్తుంది. మన ప్యాసింజర్ ఆటోల్లో చాలావాటికి వాడేది కూడా ఇదే సైజు, కాబట్టి ట్యూబు ఏ ఊళ్లో అయినా దొరుకుతుంది, ముల్లు గుచ్చుకుంటే ఆటో పంచరు వేసేవాడే వేస్తాడు. మధ్యలో బేరింగు ఉన్నదే తీసుకోండి, ఉత్త గొట్టం ఉన్నది వద్దు. గాలి గట్టిగా కొట్టించొద్దు.

ఒంటి చక్రం బండి మొత్తంగా కొనొద్దు. గట్ల మీద, పలక మీద నడపడానికి అది మంచిదే గానీ సగం బరువు మన చేతులే మొయ్యాలి, ఒరిగితే ఆపలేం.

నాగావళి_ఒడ్డు:

అందరికీ దండాలు. అమ్మ మోకాలు మానుతోంది, వాపు లేదు. లాగమని ఆ రోజే చెప్పాను, తేడా తెలిసిందంది. శనివారం ఊరికి వెళ్తున్నాను, చేయించాక రాస్తాను.

నాగావళి_ఒడ్డు:

బండి అయిపోయింది, మూడు వారాల నుంచి అమ్మ వాడుతోంది. 4.00-8 చక్రాలు శ్రీకాకుళంలో దొరికాయి. వెల్డింగ్ ఆయన మొదట చక్రాల్ని బండి చివర్లో పెడదామన్నాడు, నేను మధ్యలోనే కావాలని పట్టుబట్టాను. ఇరుసుకి ముందు ఒక క్యాను, వెనక ఒక క్యాను, రెండూ ఒకదాన్నొకటి తూచుకుంటాయి, పిడి దగ్గర బరువే తెలియదు. ఒక్క క్యానే తెస్తే మధ్యలో పెట్టుకోవాలి. కృష్ణలంక గారు, మీరు చెప్పిన కుళాయి క్యాన్లే కొన్నాను. నిన్న రాత్రి వాన పడిందట, బురదలో గీత పడింది గానీ చక్రం దిగలేదని పొద్దున్నే అమ్మ ఫోన్ చేసింది. పక్క వీధిలో ఇద్దరు కొలతలు అడిగారంట, అవసరమైన వాళ్లకి ఇక్కడ కూడా రాస్తున్నాను.

క్యాన్లు పెట్టే పీట 12 అంగుళాల వెడల్పు, 24 పొడవు, చుట్టూ నాలుగంగుళాల కమ్మీ. చక్రాలు పీటకి రెండు పక్కలా, మొత్తం వెడల్పు 22 అంగుళాలు, మా గేటులో పడుతుంది. ఇరుసు 20 మిల్లీమీటర్ల రాడ్డు ఒకటే, ఈ చివర నుంచి ఆ చివరకి, వాషర్లు వేసి బయట కాటర్ పిన్ను. ఆగినప్పుడు ఒరగకుండా ముందూ వెనకా చెరో కాలు, నేలకి రెండంగుళాల పైన. పిడి ఎత్తు అమ్మకి 34 అంగుళాలు వచ్చింది, మీ ఇంట్లో వాళ్లకి మీరు కొలుచుకోండి.