టాయిలెట్రీస్ చేతి బ్యాగులోనా, చెక్-ఇన్‌లోనా? మీరైతే ఏం చేస్తారు?

చక్రాలబ్యాగు

పోయిన నెల ప్రయాణంలో మా అమ్మ మోకాళ్ళకు రాసుకునే ఆయింట్‌మెంట్ సెక్యూరిటీ దగ్గర తీసేసుకున్నారు. ట్యూబు మీద 150 గ్రాములని ఉంది. లోపల మిగిలింది మాత్రం కాస్తే. తోక నుంచి మూత దాకా చుట్ట చుట్టి, నొక్కుకుంటూ వాడుతున్నాం. ఆ మాటే చెప్పాను. "లోపల ఎంత ఉందో చూడమండీ, ట్యూబు సైజు చూస్తాం" అన్నారు. రూలు అదే కాబట్టి వాళ్ళను అనడానికేం లేదు. కానీ అమ్మ ఆ ట్యూబు పడేసిన డబ్బా వైపు తిరిగి తిరిగి చూసింది. ఆ రాత్రి నొప్పితో సరిగ్గా నిద్రపోలేదు. ముందే చూసుకోవాల్సింది నేను.

వచ్చే నెల మళ్ళీ బయల్దేరుతున్నాం. మూడు వారాలు, రెండు విమానాలు, మధ్యలో ఒక ట్రాన్సిట్. అన్నయ్యేమో పేస్టు దగ్గర్నుంచి అన్నీ చెక్-ఇన్‌లో పడెయ్యమంటాడు. వదిన అస్సలు వద్దంటుంది, చిన్న సీసాల్లో పోసి చేతిలోనే ఉంచుకోమంటుంది. ఇద్దరూ బాగా తిరిగినవాళ్ళే. మీరేమంటారు?

నిదానం

మీ అన్నయ్య మాటే నా మాట. చేతి బ్యాగులో ద్రవాలు, పేస్టుల డబ్బా ఏదీ 100 మి.లీ. దాటకూడదంటారు కదా, చెక్-ఇన్‌లో ఆ గొడవ లేదు. పెర్ఫ్యూమ్, డియో, హెయిర్ స్ప్రే లాంటివాటికి అక్కడా హద్దు ఉంది గానీ అది పెద్దది. ఒక్కోటి 500 మి.లీ., మనిషికి అన్నీ కలిపి 2 లీటర్లు దాటకూడదు. స్ప్రే డబ్బా మీట అనుకోకుండా నొక్కుకుపోకుండా మూత ఉండాలి. మామూలు కుటుంబానికి అంతకన్నా ఎందుకు?

ఇంకోటి, పాత తరహా రేజర్‌లో పెట్టే విడి బ్లేళ్ళను క్యాబిన్‌లోకి రానివ్వరు. మా నాన్నగారు వాడేది అదే. చెక్-ఇన్‌లో వేసుకుంటే ఆ టెన్షన్ ఉండదు. సెక్యూరిటీ లైన్‌లో సంచి విప్పి, సీసాలు ట్రేలో పరిచి, వెనకున్నవాళ్ళ చూపులు భరించే పనీ ఉండదు. పెద్దవాళ్ళతో వెళ్ళేటప్పుడు ఆ పది నిమిషాల ప్రశాంతత చాలా పెద్ద విషయం.

ఒకేబ్యాగు

నిదానం గారూ, ఆ ప్రశాంతత బ్యాగు వచ్చినప్పుడే. నా బ్యాగు ఒకసారి నాలుగు రోజులు ఆలస్యంగా వచ్చింది. రాత్రి పదకొండింటికి దిగాను, పొద్దున తొమ్మిదింటికి ఇంటర్వ్యూ. బ్రష్షు లేదు, పేస్టు లేదు, కాంటాక్ట్ లెన్స్‌ల సొల్యూషన్ లేదు. ఎర్రబడ్డ కళ్ళతో వెళ్ళి కూర్చున్నాను. అప్పటి నుంచి కిట్ నా చేయి దాటి పోలేదు.

బ్యాగు ఆలస్యమైతే కొనుక్కున్న అవసరమైన వస్తువుల డబ్బు విమాన సంస్థను అడగొచ్చు. 1999 మాంట్రియల్ ఒప్పందం వర్తించే అంతర్జాతీయ ప్రయాణాల్లో, బ్యాగు చేతికొచ్చాక 21 రోజుల్లోగా రాతపూర్వకంగా ఫిర్యాదు పెట్టాలి. రసీదులు దాచుకోండి. కానీ అర్ధరాత్రి మూసేసిన కొట్టు ముందు నిలబడ్డవాడికి ఆ హక్కు ఏం అక్కరకొస్తుంది?

మూడు వారాలకు 100 మి.లీ. చాలదంటారు చాలామంది. నేను వంటింటి త్రాసు మీద తూచాను. పేస్టు ఒక్కసారికి గ్రాము వేసుకుంటాను. రోజుకు రెండుసార్లు, 21 రోజులు, మొత్తం 42 గ్రాములు. షాంపూ ఒక్కసారికి 8 మి.లీ., రోజు విడిచి రోజు లెక్కన 90 మి.లీ. లోపే. హాయిగా సరిపోయింది.

నిదానం

మీ జుట్టుకు 8 మి.లీ. చాలుతుందేమో. నాది నడుము దాటిన జుట్టు. ఒక్కసారికి 20 మి.లీ. పైనే పడుతుంది, దాని మీద కండిషనర్. మీ లెక్క మీ ఒక్కరికే చెల్లుతుంది. చేతి బ్యాగులో ఈ చిన్న సీసాలన్నీ పెట్టుకోవడానికి మనిషికి ఒక్కటే లీటరు పారదర్శక కవరు కదా, అందులో నావి పట్టాక ఇంకేం పెట్టను?

లెక్కలమాస్టారు

మీ వాదన మధ్యలో ఒక మాట. ఎక్కడ పెట్టినా కారకుండా పెట్టడం ముఖ్యం. "కింద లగేజీ అరలో గాలి ఒత్తిడి ఉండదు, అందుకే సీసాలు కారతాయి" అని చాలామంది నమ్ముతారు. అది నిజం కాదు. ప్రయాణికుల విమానాల్లో కింది అరకు కూడా క్యాబిన్‌లాగే ఒత్తిడి పెడతారు. తేడా ఏంటంటే అక్కడ బ్యాగుల మీద బ్యాగులు పడతాయి, సీసా తలకిందులవుతుంది, మూత మీద బరువు పడుతుంది.

అసలు కారణం సీసాలో ఉన్న గాలి. పైకి వెళ్ళాక విమానం లోపలి ఒత్తిడి 1,800 నుంచి 2,400 మీటర్ల ఎత్తున్న కొండ మీద ఉన్నంతే ఉంటుంది. బాగా తగ్గినప్పుడు నేల మీది ఒత్తిడిలో ముప్పావు వంతు. అంటే లోపలి గాలి మూడో వంతు ఉబ్బాలని చూస్తుంది. 100 మి.లీ. సీసాలో సగం షాంపూ, సగం గాలి ఉందనుకోండి. ఆ 50 మి.లీ. గాలి 67 మి.లీ. అవ్వాలి. సీసా తలకిందులుగా ఉండి మూత వదులైతే, ఆ తేడా షాంపూ రూపంలో మీ బట్టల మీదకొస్తుంది. సగం వాడిన సీసాలే ఎక్కువ కారేది అందుకే.

చేయాల్సింది చిన్న పని. మెత్తటి సీసా తీసుకుని, షాంపూ మూతి దాకా వచ్చేలా పక్కల్ని లోపలికి నొక్కి, గాలి పోయాక అలాగే పట్టుకుని మూత బిగించండి. సీసా పీక్కుపోయిన ముఖంలా లోపలికి పోయి ఉంటుంది, అలాగే ఉండాలి. పైకెళ్ళాక మిగిలిన కాస్త గాలి ఉబ్బినా సీసా మళ్ళీ నిండుగా అవుతుంది తప్ప కారదు. గట్టి సీసాలైతే మూతి మీద పల్చటి ప్లాస్టిక్ కాగితం పరిచి దానిపై మూత పెట్టండి.

విసుగు

అసలు ఈ 100 మి.లీ. రూలే తీసెయ్యాలండీ. ఒక్కొక్కరు పది 100 మి.లీ. సీసాలు తీసుకెళ్ళొచ్చు గానీ 150 గ్రాముల ట్యూబులో చివరి పది గ్రాములు పనికిరావా? ఆ పెద్దావిడ మందు తీసుకుని ఎవరిని కాపాడారు?

రాత్రివిమానం

రూలు ఊరికే రాలేదు. 2006 ఆగస్టులో బ్రిటన్ పోలీసులు ఒక కుట్రను పట్టుకున్నారు. కూల్‌డ్రింక్ సీసాల్లో ద్రవ పేలుడు పదార్థం నింపి అట్లాంటిక్ దాటే విమానాల్లోకి ఎక్కించాలన్నది ఆ పథకం. మొదట ద్రవాలన్నీ ఆపేశారు. ఆ ఏడాది సెప్టెంబర్‌లో అమెరికా, నవంబర్‌లో యూరప్ ఈ చిన్న సీసాలు, పారదర్శక కవరు పద్ధతికి వచ్చాయి. వందల ప్రాణాల సంగతి అది.

అయితే విసుగు గారి బాధలోనూ న్యాయం ఉంది. సంచి విప్పకుండానే ద్రవాలను గుర్తుపట్టే కొత్త స్కానర్లు వచ్చాయి. కొన్ని విమానాశ్రయాలు 100 హద్దు ఎత్తేశాయి కూడా. అదే నమ్ముకోవద్దు. యూరప్‌లో అలా సడలించిన చోట్ల 2024 సెప్టెంబర్ 1 నుంచి మళ్ళీ 100కే వచ్చారు, తర్వాత మళ్ళీ కొన్నిచోట్ల సడలింపు మొదలైంది. బయల్దేరేచోట పెద్ద సీసా రానిచ్చినా ట్రాన్సిట్‌లో మళ్ళీ తనిఖీ ఉంటే అక్కడ పోతుంది. చక్రాలబ్యాగు గారూ, మీ దారిలో ఏ విమానాశ్రయం కఠినమో దాన్ని బట్టే సర్దుకోండి. డ్యూటీ ఫ్రీలో కొన్నదైతే సీలు కవరు, రసీదు లోపలే ఉంచి, చివరి ఊరు చేరేదాకా చింపకండి.

సబ్బుబిళ్ళ

ద్రవాలే వద్దనుకుంటే గొడవే ఉండదు. స్నానానికి సబ్బు, తలకు షాంపూ బిళ్ళ, పుల్లలా రాసుకునే డియో స్టిక్. ఇవేవీ లీటరు కవరు లెక్కలోకి రావు. నిదానం గారూ, నాదీ పొడుగు జుట్టే. ఒక బిళ్ళ నాకు రెండు నెలలు వచ్చింది. మామూలు సబ్బు తలకు రుద్దితే ఉప్పునీటిలో జిగురు పడుతుంది, అది వద్దు. షాంపూ బిళ్ళ అని ఉన్నదే కొనండి. తడిగా డబ్బాలో పెడితే ముద్దవుతుంది, బయల్దేరే రోజు ముందు రాత్రే ఆరబెట్టాలి. ఆ ఒక్క జాగ్రత్త చాలు.

పౌడర్లయితే కాస్త చూసుకోండి. అమెరికా వెళ్ళే విమానాల్లో 350 మి.లీ. దాటిన పొడి పదార్థాలను చేతి సంచిలో ఉంచితే విడిగా తనిఖీ చేస్తారు. పెద్ద డబ్బా చెక్-ఇన్‌కే మేలు.

ఇద్దరుపిల్లలు

అందరూ షాంపూ గురించే చెప్తున్నారు. ఆ అమ్మగారి ఆయింట్‌మెంట్ మందు కదా! ప్రయాణంలో కావలసిన మందులు, పసిపిల్లల పాలు చాలా దేశాల్లో 100 హద్దులోకి రావు. అయితే వాటిని కవరులోంచి విడిగా తీసి, ట్రేలో పెట్టకముందే "ఇది మందు" అని చెప్పాలి. డాక్టర్ చీటీ ఉంటే మాట తేలికవుతుంది. చీటీలో పేరు టికెట్ మీద ఉన్నట్టే ఉండాలి, ట్యూబు మీద మందు పేరు చెరిగిపోకూడదు. మందును వేరే డబ్బాలోకి మార్చకండి. అదేమిటో ఎవరికీ తెలియకుండా పోతుంది.

ఒకేబ్యాగు గారికి కూడా ఒక మాట. పైన అరలు నిండిపోతే క్యాబిన్ బ్యాగును గేటు దగ్గరే తీసుకుని కిందికి పంపేస్తారు. చిన్నవాడికి జ్వరంగా ఉన్నప్పుడు మాకు అలాగే జరిగింది, సిరప్ బ్యాగులోనే ఉండిపోయింది. విమానంలో వాడి ఒళ్ళు కాలిపోతుంటే తడిగుడ్డ వేస్తూ కూర్చున్నాను. ఇప్పుడు మందులు, బ్రష్షు, ఒక జత బట్టలు భుజం మీద చిన్న సంచిలో వేసుకుంటాను, బ్యాగు ఎటు పోయినా సరే. పవర్‌బ్యాంక్ కూడా అందులోనే, దాన్ని కిందికి పంపనివ్వరు.

ఒకేబ్యాగు

గేటు దగ్గర సంగతి నేను ఆలోచించలేదు. ఒప్పుకుంటున్నాను. కిట్ ఇక భుజం సంచిలోకి మారుస్తాను. చెక్-ఇన్ మాత్రం నావల్ల కాదు.

చక్రాలబ్యాగు

అందరికీ చాలా థాంక్స్. మందుకు చీటీ చూపించొచ్చని నిజంగా నాకు తెలియదు. ఆ రోజు నోరు తెరిచి "ఇది మందండీ" అని ఉంటే ఇచ్చేసేవారేమో.

పొద్దున అమ్మను డాక్టర్ దగ్గరికి తీసుకెళ్ళాను. అదే ఆయింట్‌మెంట్ 30 గ్రాముల ట్యూబుల్లో కూడా దొరుకుతుందట. నాలుగు రాసిచ్చారు, చీటీ పాస్‌పోర్టు కవరులో పెట్టాను. రెండు ట్యూబులు అమ్మ భుజం సంచిలో, రెండు నా దాంట్లో. పేస్టు, లెన్స్ సొల్యూషన్, చిన్న మాయిశ్చరైజర్ లీటరు కవరులో. పెద్ద షాంపూ, నాన్న షేవింగ్ ఫోమ్ చెక్-ఇన్‌కి వెళ్తున్నాయి, అవి పోయినా ఏడుపు లేదు. అన్నయ్య, వదిన ఇద్దరూ తమ మాటే నెగ్గిందంటున్నారు.

లెక్కలమాస్టారు గారూ, సీసా నొక్కి మూత పెట్టడం అమ్మే చేసింది. రాత్రి తలకిందులుగా సింకులో పెట్టి చూసింది. పొద్దున్న చుక్క కూడా లేదు.