సారాయేవోలో తూటా పెన్ను కొనొచ్చా?

సంచారి: బోస్నియా చూసొచ్చినవాళ్లు చెప్పండి. సారాయేవో పాతబజారులో, కంచరివాళ్ల వీధిలో ఖాళీ తూటా గొట్టాలతో చేసిన పెన్నులు అమ్ముతారు. 1992 నుంచి 1996 దాకా 1,425 రోజులు బోస్నియా సెర్బు సైన్యం ముట్టడిలో నలిగిన ఊరది. కొనడం తప్పా?

కృష్ణాతీరం: తప్పే. మనుషుల్ని చంపిన సరుకు షోకేసులో పెట్టుకోవడమేంటండీ?

తూర్పుగాలి: నగిషీ చెక్కేది ఆ ఊరి కంచరివాళ్లే, వాళ్ల కూలి ఆపి ఏం సాధిస్తారు? మీ కోపం గులాబీల మీద నిలబడి ఫొటోలు దిగేవాళ్ల మీద చూపించండి. మోర్టారు గుండు గట్టినేల మీద పేలితే మధ్యలో గుంట, చుట్టూ రేకుల్లాంటి గాట్లు పడతాయి. జనం చచ్చిపోయిన చోట ఆ గాట్లను ఎర్ర రెసిన్‌తో నింపారు, అవే గులాబీలు. కొత్త తారు వేసినప్పుడు చాలా పోయాయి కూడా.

కృష్ణాతీరం: పెన్ను సంగతి అడిగితే తారు సంగతి చెప్తారేంటి?

రాజమండ్రిరైలు: విమానంలో రానిస్తారా అసలు?

తూర్పుగాలి: చేతిసంచిలో పెడితే స్కానింగులో ఆపొచ్చు. ఎయిర్‌లైన్‌ని అడగకుండా కొనకండి.

సంచారి: పోనీ ఆ డబ్బు సొరంగం మ్యూజియం టికెట్‌కి పెడతాను. 1993లో రన్‌వే కింద, ముట్టడిలో ఉన్న ఊళ్లోకి సరుకులు చేరవేయడానికి, నేలలోంచి ఊరుతున్న నీళ్లు తోడుకుంటూ తవ్వారట. 800 మీటర్ల పొడవు, మీటరు వెడల్పు, ఎత్తు 1.6 మీటర్లు.

తూర్పుగాలి: ఇప్పుడు నడవనిచ్చేది సుమారు 20 మీటర్లే. అయినా నడుం వంచి నడిస్తే, బియ్యం బస్తా వీపున మోసుకుంటూ మొత్తం దాటడమంటే ఏమిటో తెలుస్తుంది.

కృష్ణాతీరం: అక్కడా చెప్పేది ఒకవైపు కథే. యుద్ధమన్నాక రెండు వైపులా తప్పులుంటాయి.

తూర్పుగాలి: ఇదన్నమాట మీ అసలు బాధ! కొండల మీద ఫిరంగులెవరివి, కింద నీళ్లకోసం క్యూ కట్టిందెవరు? యుగోస్లావియా యుద్ధనేరాలు విచారించిన హేగ్ ట్రైబ్యునల్ 2006లో, ముట్టడి నడిపిన సెర్బు జనరల్ గాలిచ్‌కి అప్పీలులో యావజ్జీవం వేసింది. ఆయన తర్వాతి కమాండర్ డ్రాగోమిర్ మిలోషెవిచ్‌కి చివరికి 29 ఏళ్లు పడ్డాయి. పౌరుల్ని భయభ్రాంతుల్ని చేయడం కూడా వాళ్ల నేరాల్లో ఒకటి. దీన్ని 'రెండు వైపులా' అంటారా?

కృష్ణాతీరం: ఆ నేరం కాదనలేదండీ. ట్రెబెవిచ్ కొండ మీద కాజానీ గుంట సంగతేంటి? ఊరిని కాపాడే సైన్యంలోనివాళ్లే సెర్బు పౌరుల్ని చంపి అందులో పడేశారు. 2021లో స్మారకం పెట్టారు. మీ టూరు వ్యాను అక్కడ ఆగుతుందా? చచ్చినవాళ్లలో కొందరినే చూపించి టికెట్ కొట్టడం నాకు నచ్చదు. పెన్ను మీద కోపమూ అందుకే.

తూర్పుగాలి: ఆగాలి, ఒప్పుకుంటాను. కానీ కాజానీ పేరుతో ముట్టడిని పలచన చేస్తే మాత్రం ఊరుకోను.

సంచారి: అయితే గైడ్‌ని కుదుర్చుకునే ముందే అడుగుతాను, కాజానీ దాకా తీసుకెళ్తారా అని.